ఆ పిల్లలను ఏ గడిలో రాయాలి?

ఈసారి ఉత్తరం సముద్ర జీవశాస్త్రంలో పరిశోధన చేస్తున్న ఒక విద్యార్థిని నుంచి వచ్చింది. పేరు, ఊరు రాయవద్దన్నారు. ఎనిమిది పేజీల ఉత్తరం కాబట్టి కుదించి చెబుతాను.

సముద్రపు అడుగు బురదలో ఉండే అతిచిన్న జంతువులను ఏరి లెక్కపెట్టడం ఆమె పని. ఆ జంతువులను కలిపి పిలిచే ‘మీయోఫౌనా’ అన్న మాట సిద్ధాంత వ్యాసం పేరులోనే ఉంది. ఇప్పుడు ఆ మాటే మెడకు చుట్టుకుంది. రెండు రుతువుల్లో తెచ్చిన నమూనాల ముందు మూడేళ్లుగా సూక్ష్మదర్శినికి కళ్లు ఆనించి కూర్చున్నారు. గైడ్ గారు పెద్ద జీవుల మనిషి. నత్తలు, ఆల్చిప్పలు, ఒంటి పక్కల బిరుసు వెంట్రుకలుండే పాలికీటు పురుగులు ఆయన లోకం. సహ గైడ్‌గా ఉన్న మేడమ్ నెమటోడులనే సన్నటి గుండ్రపు పురుగుల నిపుణురాలు. పైన 500 మైక్రాన్ల (అంటే అర మిల్లీమీటరు) కన్నున్న జల్లెడ, దాని కింద 63 మైక్రాన్ల జల్లెడ పెట్టి బురదను కడిగితే, కింది జల్లెడ మీద నిలిచినవాటిలో నెమటోడులు, రొయ్యలకు దూరపు చుట్టాలైన అతిచిన్న కోపిపాడ్లతో పాటు పాలికీటు పిల్లలు, ఆల్చిప్పల పిల్లలు కూడా ఉన్నాయి.

“జల్లెడ పట్టిందంతా మీయోఫౌనాయే, రాసుకో అమ్మా” అన్నారు గైడ్. “నాలుగు రోజుల్లో పెరిగి పెద్దవైపోయే పిల్లలవి. వాటిని మీయోఫౌనా అని ఎలా రాస్తావు? తీసేయి” అన్నారు మేడమ్. ఇద్దరి మాటా కాదనలేక ఈమె మూడో అధ్యాయంలో పిల్లలను ఉంచారు, నాలుగో అధ్యాయంలో తీసేశారు. గైడ్ చదివింది మూడోది, మేడమ్ చదివింది నాలుగోది. సమర్పణకు రెండు నెలలు ఉంది.

ఇంతలో ఒక సెమినార్ జరిగింది. వేరే విభాగం నుంచి వచ్చిన ఆచార్యులొకరు “మీయోఫౌనా అంటే వర్గమా (ఫైలం), విభాగమా (క్లాస్), క్రమమా (ఆర్డర్)?” అని అడిగారు. “నాకు నోరు పెగల్లేదు. వెనక వరుసలో ఎవరో నవ్వారు. మూడేళ్లు చేసిన పనికి పేరు కూడా తెలియనిదానిలా నిలబడిపోయాను” అని రాశారు. మీయోఫౌనా ‘ఉంది’ అనాలా ‘ఉన్నాయి’ అనాలా అన్నదాని మీద కూడా జూనియర్లు వెక్కిరిస్తున్నారట.

ఉత్తరం ముగిశాక తాజాకలంలా మూడు వాక్యాలు ఉన్నాయి. “మొదటి రుతువులో మా 500 జల్లెడ చిరిగి ఉండటంతో ఒక మిల్లీమీటరు జల్లెడ వాడాను. అచ్చయిన పత్రంలో మాత్రం రెండు రుతువులకూ 500 అనే పడింది. అది పెద్ద విషయం కాదనుకుంటున్నాను.”

అడిగిన ప్రశ్న ఇది: “పిల్లలను ఉంచాలా, తీసేయాలా? ఎవరి మాట వినాలి? ఒక్క మాటలో చెప్పండి.”

* * *

ఒక్క మాటలో చెప్పలేను. ఇప్పటికే ఇద్దరు పెద్దలు మీకు ఒక్క మాటలో చెప్పారు. దాని ఫలితమే కదా ఈ ఉత్తరం! కాస్త ఓపిక పట్టండి, మీ ఆచార్యుల ప్రశ్నతో మొదలుపెడదాం. దానికి జవాబు దొరికితే మిగతా చిక్కులో సగం వీడుతుంది.

ఆయన అడిగిన మూడింటిలో మీయోఫౌనా ఏదీ కాదు. వర్గం, విభాగం, క్రమం, కుటుంబం, ప్రజాతి, జాతి అన్నవి వంశవృక్షంలో మెట్లు. ఎవరు ఎవరికి చుట్టమో చెప్పడానికి అవి ఉన్నాయి. ప్రపంచ సముద్ర జాతుల రిజిస్టరు తెరిచి నెమటోడా అని వెతికితే ఒక వర్గం కనిపిస్తుంది, దాని కింద వేల జాతులు కనిపిస్తాయి. మీయోఫౌనా అనే వర్గం కానీ కుటుంబం కానీ అక్కడ లేదు. బడిలో పిల్లలను పొడుగు ప్రకారం వరుసలో నిలబెడితే అన్నాతమ్ముళ్లు వేర్వేరు చోట్ల పడతారు, ఏ సంబంధమూ లేని ఇద్దరు పక్కపక్కన నిలబడతారు. మీ 63 జల్లెడ మీద జరిగింది అదే. జంతువుల్లో మొత్తం వర్గాలు ముప్పై అయిదుకు కాస్త అటూఇటూగా ఉంటే, వాటిలో ఇరవైకి పైగా వర్గాలకు మీయోఫౌనాలో ఎవరో ఒకరు ఉన్నారు. నెమటోడు ఒక వర్గం, కోపిపాడు మరో వర్గానికి చెందినది, గాస్ట్రోట్రిక్ ఇంకొకటి, కైనోరింక్ ఇంకొకటి, ఎనిమిది కాళ్లతో నీటి ఎలుగులా నడిచే టార్డిగ్రేడ్ మరొకటి. వీటిని కలిపింది రక్తసంబంధం కాదు, జల్లెడ కన్ను.

కాబట్టి మళ్లీ ఎవరైనా అడిగితే “ఇది వంశాన్ని బట్టి పెట్టిన పేరు కాదు సార్, పరిమాణాన్ని బట్టి పెట్టిన పేరు. ఇందులో ఇరవైకి పైగా వర్గాలు ఉన్నాయి” అనండి. నిజానికి ఆయన ప్రశ్న అంత తెలివితక్కువదేమీ కాదు. పేరు వినగానే ఏదో ఒక గుంపు పేరే అనుకోవడం సహజం. ప్లవకాలు (ప్లాంక్టన్) అన్న మాటకూ ఇదే గతి పట్టింది. కంటికి కనిపించని చిన్నవే ప్లవకాలనుకునేవారు ఎందరో! కానీ 1887లో విక్టర్ హెన్సెన్ ఆ పేరు పెట్టింది నీటివాలుకు కొట్టుకుపోయేవాటికి. రెండు చేతుల వెడల్పున్న జెల్లీఫిష్ కూడా ప్లవకమే. సముద్ర శాస్త్రంలో ఇలాంటి పేర్లు చాలా ఉన్నాయి. కొన్ని ఎక్కడ ఉంటాయో చెబుతాయి, కొన్ని ఎలా కదులుతాయో చెబుతాయి, కొన్ని ఎంత ఉంటాయో చెబుతాయి. మీ మాట ఈ మూడో రకంది.

ఆ మాట పుట్టుక కూడా తెలుసుకోండి, వైవాలో పనికొస్తుంది. ఇంగ్లండులోని ప్లిమత్ దగ్గర సముద్రపు బురద మీద పనిచేసిన మాలీ మేర్ 1942లో ‘మీయోబెంథోస్’ అన్న పేరు వాడారు. బెంథోస్ అంటే సముద్రపు అడుగున బతికేవి. ‘మీయోన్’ అంటే గ్రీకులో ‘తక్కువైనది, చిన్నది’. కణ విభజన పాఠంలో చదువుకున్న మియాసిస్‌లో ఉన్నదీ ఈ ముక్కే. క్రోమోసోముల సంఖ్య సగానికి తగ్గుతుంది కనుక మన పాఠ్యపుస్తకాలు దాన్ని క్షయకరణ విభజన అన్నాయి. మీయోఫౌనా అన్నా మీయోబెంథోస్ అన్నా ఇప్పుడు దాదాపు ఒకటే అర్థంలో వాడుతున్నారు. జర్మన్ శాస్త్రవేత్త అడాల్ఫ్ రెమానె పెట్టిన ‘మీసోసామాన్’ అన్న పేరును మాత్రం దీనితో కలపకండి. ఇసుక రేణువుల సందుల్లో కాపురం ఉండేవాటికి ఆయన పెట్టిన పేరు అది. కొలతను కాక చోటును చెబుతుంది. మీది బురద కాబట్టి ఆ మాట జోలికి వెళ్లనక్కరలేదు.

ఉంది, ఉన్నాయి గొడవకు ఒక్క ముక్క చాలు. ఫౌనా అన్నది సమూహాన్ని చెప్పే మాట, మన ‘పశుసంపద’ లాగా. పశుసంపదలు అనం కదా. అలాగే ‘మీయోఫౌనా ఎక్కువగా ఉంది’ అనండి. విడిగా ఒకదాని గురించి చెప్పాలంటే ‘మీయోఫౌనా జీవి’ అనండి. వెక్కిరించేవాళ్లకు ఇంతకన్నా ఎక్కువ సమయం ఇవ్వవద్దు.

ఇక అసలు విషయానికి వద్దాం. ‘చిన్నది’ అన్నారు సరే, దేనికన్నా చిన్నది? ఈ మాటకు సొంత కాళ్లు లేవు. పక్కన ‘ఇంతకన్నా’ అన్న కొలత ఉంటే తప్ప నిలబడదు. పాత పత్రాల్లో పై హద్దు ఒక మిల్లీమీటరు. తరవాత చాలామంది అర మిల్లీమీటరుకు, అంటే మీ 500కు దిగారు. లోతు సముద్రంలో పనిచేసేవారికి అక్కడి జీవులన్నీ చిన్నవే కాబట్టి 300, 250 మైక్రాన్ల దగ్గరే పెద్ద జీవులను మొదలుపెడతారు. కింది హద్దు కూడా ఒకటి కాదు. 63 వాడేవారున్నారు, 44 వాడేవారున్నారు, లోతు సముద్రానికి 32 వాడేవారున్నారు. అందరూ రాసే మాట ఒకటే. అందుకే ఈ రంగంలో ఆరితేరినవారు ఒక పత్రం చేతికి రాగానే శీర్షిక వదిలేసి, ముందు పద్ధతుల భాగంలో జల్లెడ అంకె చూస్తారు.

జల్లెడ గురించి మీకు నేను చెప్పేదేముంది, మూడేళ్లు కడిగారు. అయినా ఒక దృశ్యం గుర్తు చేస్తాను. రోజ్ బెంగాల్ రంగు పట్టి గులాబీ రంగుకు తిరిగిన నెమటోడు ఒకటి గాజు పళ్లెంలో దారప్పోగులా పడి ఉంది. పొడవు రెండు మిల్లీమీటర్లు. రెండు మిల్లీమీటర్ల జీవి 500 మైక్రాన్ల కన్నులోంచి ఎలా దిగింది? నిలువుగా దిగింది. దాని ఒళ్లు వెంట్రుక కన్నా సన్నం. దాని పక్కనే అర మిల్లీమీటరు కూడా లేని ఆల్చిప్ప పిల్ల ఒకటి శనగబద్దలా ఉబ్బి ఉంది. రేపో మాపో అది పై జల్లెడ మీదే ఆగిపోతుంది. జల్లెడ కొలిచేది పొడవును కాదు, నడుమును. అదీ ప్రాణంతో ఉన్న పురుగైతే మెలికలు తిరిగి జారిపోతుంది, ఫార్మలిన్‌లో బిగుసుకున్నదైతే అడ్డంగా నిలిచిపోతుంది. కడగకముందు ఫార్మలిన్ పోశారా, కడిగాక పోశారా అన్నది కూడా లెక్కను మార్చేస్తుంది. మీ ఉత్తరంలో ఈ సంగతి లేదు. వ్యాసంలో ఉందేమో చూసుకోండి.

ఇలా చెబితే మీ గైడ్ గారి పక్షాన మాట్లాడుతున్నట్టు ఉంటుంది. జల్లెడే కొలత అయితే జల్లెడ పట్టిందంతా రాయాలి కదా! ఆగండి. మేడమ్‌ది కూడా ఉత్త పంతం కాదు. 1984లో రిచర్డ్ వార్విక్ అనే శాస్త్రవేత్త సముద్రపు అడుగు జీవుల జాతులను ఒళ్లు బరువు ప్రకారం వరుస పెట్టి చూశారు. చిన్నవాటి నుంచి పెద్దవాటి దాకా జాతులు సమానంగా పరుచుకుని ఉంటాయనుకుంటాం. అలా లేవు. రెండు గుట్టలుగా కనిపించాయి, మధ్యలో పల్లం. ఆ పల్లం ఎండు బరువులో దాదాపు 45 మైక్రోగ్రాముల దగ్గర ఉంది. పల్లానికి ఇటువైపు ఉన్నవాటి బతుకు ఒక తీరు, అటువైపువాటి బతుకు మరో తీరు. చిన్నవాటిలో చాలావరకు డింభక దశలో నీటిలోకి ఎగిరిపోవు, పుట్టిన బురదలోనే పెరిగి అక్కడే పిల్లల్ని కంటాయి. పెద్దవాటిలో చాలావాటి డింభకాలు నీటిలో తేలి, కొట్టుకుపోయి, ఎక్కడో దిగుతాయి. అంటే 1942లో జల్లెడ కోసం పుట్టిన మాట వెనక, జల్లెడతో పని లేని ఒక నిజం కూడా ఉంది. మేడమ్ చూస్తున్నది ఆ నిజాన్ని. పెద్దవాటి పిల్లలు కొన్నాళ్లు ఈ గుట్టలో అద్దెకు ఉండి వెళ్లిపోయేవి. అందుకే వాటికి ‘తాత్కాలిక మీయోఫౌనా’ అని, జీవితమంతా ఇక్కడే గడిపేవాటికి ‘శాశ్వత మీయోఫౌనా’ అని వేరే పేర్లు వచ్చాయి. ఈ రెండు మాటలూ మీ ఉత్తరంలో ఎక్కడా లేవు. మీ ఇద్దరు పెద్దలకూ తెలిసిన మాటలే అవి. ఎదురెదురుగా కూర్చుని ఉంటే ఐదు నిమిషాల్లో వచ్చేవి. కూర్చోలేదు, మధ్యలో మీరు కబుర్లు మోశారు.

వాళ్లిద్దరూ ఒకే ప్రశ్నకు రెండు జవాబులు చెబుతున్నారని మీరు అనుకుంటున్నారు. నాకు అలా కనిపించలేదు. ఈ బురదలో ఈ పరిమాణంలో ఎంత ప్రాణం ఉంది, చేప పిల్లలకూ రొయ్యలకూ ఎంత మేత ఉంది అన్నది గైడ్ గారి ప్రశ్న. ఆ ప్రశ్నకు ఆల్చిప్ప పిల్ల కూడా మేతే. ఇక్కడే పుట్టి ఇక్కడే చచ్చే సమాజం ఎలా ఉంది అన్నది మేడమ్ ప్రశ్న. దానికి ఆల్చిప్ప పిల్ల పరాయిది. మీ వ్యాసం ఏ ప్రశ్న అడుగుతోంది? ఎనిమిది పేజీల్లో అది మాత్రం రాయలేదు.

మీరు పంపిన ఒక నమూనా లెక్క తీసుకుంటాను. నెమటోడులు 412, కోపిపాడ్లు 61, పాలికీటు పిల్లలు 38, ఆల్చిప్ప పిల్లలు 97. అన్నీ కలిపితే 608. పిల్లలను తీసేస్తే 473. మొత్తం తగ్గడం ఒక ఎత్తు, నెమటోడుల వాటా మారడం ఇంకో ఎత్తు. మొదటి లెక్కలో అవి 68 శాతం, రెండో లెక్కలో 87 శాతం. ‘నెమటోడులదే రాజ్యం’ అన్న మీ నాలుగో అధ్యాయం ముగింపు, ‘మిశ్రమ సమాజం’ అన్న మూడో అధ్యాయం ముగింపు ఒకే సీసాలోంచి వచ్చాయి! పరీక్షకుడు ఈ రెండు అధ్యాయాలనూ ఒకే రాత్రి చదువుతాడని మరచిపోకండి.

మీ ముందు దారులు ఉన్నాయి. ఒక్కొక్కటి ఎక్కడికి పోతుందో చెబుతాను, నడిచేది మీరు.

పిల్లలను అంతటా ఉంచడం ఒక దారి. ఇతరులు ప్రకటించిన మొత్తాలతో పోల్చుకోవడానికి ఇది తేలిక, ఎందుకంటే చాలా పత్రాల్లో మొత్తం అంటే జల్లెడ మీద నిలిచిన మొత్తమే. కానీ పట్టికలో శాశ్వతానికి ఒక వరుస, తాత్కాలికానికి వేరే వరుస పెట్టకపోతే, ఆల్చిప్పలు గుడ్లు పెట్టే కాలంలో తీసిన నమూనాలు ఉబ్బిపోయి కనిపిస్తాయి. మీ మొదటి రుతువు అలాంటిదే అయి ఉంటే, ‘ఆ రుతువులో మీయోఫౌనా సమృద్ధం’ అన్న మీ వాక్యం నిజానికి ‘ఆ రుతువులో ఆల్చిప్పలు పిల్లల్ని కన్నాయి’ అన్న వాక్యం అవుతుంది. రెండూ మంచి వాక్యాలే. ఒకటి రాసి రెండోది అనుకోకూడదు, అంతే.

పిల్లలను అంతటా తీసేయడం ఇంకో దారి. సమాజం గురించి మాట్లాడాలంటే శుభ్రంగా ఉంటుంది. ఇందులో రెండు గుంటలు ఉన్నాయి. పెద్ద జీవులను లెక్కపెట్టేవారు 500 జల్లెడ మీద నిలిచినవే తీసుకుంటారు. అక్కడ జారిపోయిన పిల్లలను మీరు ఇక్కడ తోసేస్తే అవి ఎవరి లెక్కలోనూ లేని అనాథలవుతాయి. రెండో గుంట ఇంకా లోతు. పాలికీట్లన్నీ పిల్లలే అని ఎవరు చెప్పారు? నెరిల్లిడే, ప్రోటోడ్రిలిడే వంటి కుటుంబాల పాలికీట్లు నిండు వయసులోనూ అంతే ఉంటాయి. అవి అచ్చమైన శాశ్వత మీయోఫౌనా. ఎక్కువగా ఇసుకలో ఉండేవే అయినా, మీ 38లో ఒక్కటి కూడా పెద్దది కాదని చెప్పాలంటే మీరు చూసి ఉండాలి. కడుపులో గుడ్లు ఉన్నాయా అని చూశారా? ‘పాలికీటు’ అన్న గడిని మొత్తంగా కొట్టేసి ఉంటే మేడమ్ చెప్పింది కూడా మీరు చేయలేదన్నమాట. ఇంకోవైపు కోపిపాడ్ల నాప్లియస్ డింభకాలు కూడా పిల్లలే. వాటిని మేడమ్ తీసేయమనలేదు, ఎందుకంటే అవి పెరిగినా ఈ ఇంట్లోనే ఉంటాయి. కాబట్టి చిన్నతనం కాదు ఇక్కడ గీటురాయి, పెరిగాక ఎక్కడ ఉంటాయన్నది.

మూడో దారి శ్రమతో కూడినది. మీ రెండో అధ్యాయంలో, అంటే పద్ధతుల అధ్యాయంలో, ఒక పేరా రాయండి. ‘ఈ వ్యాసంలో మీయోఫౌనా అంటే 500 జల్లెడ దాటి 63 మీద నిలిచిన బహుకణ జంతువులు. వాటిలో ఇవి శాశ్వతం, ఇవి తాత్కాలికం.’ బహుకణ అన్న మాట వదలకండి, లేకపోతే ఏకకణ జీవులైన ఫొరామినిఫెరాను ఎందుకు లెక్కపెట్టలేదని ఇంకెవరో అడుగుతారు. ఆ తరవాత ప్రతి పట్టికలో రెండు మొత్తాలూ ఇవ్వండి. మూడో అధ్యాయం మొదటి మొత్తంతో, నాలుగో అధ్యాయం రెండో మొత్తంతో మాట్లాడవచ్చు. ఏ మొత్తంతో మాట్లాడుతున్నారో అధ్యాయం మొదట్లోనే చెప్పాలి. నష్టం ఏమిటంటే పట్టికలన్నీ మళ్లీ కట్టాలి, గణాంక పరీక్షలు మళ్లీ చేయాలి. మూడు వారాలు పోతాయి. నాకైతే ఈ దారి మీద మనసు ఉంది. కానీ రెండు నెలల్లో మీ చేతిలో ఇంకేం పనులు ఉన్నాయో నాకు తెలియదు. సమయం చాలకపోతే మొదటి రెండింటిలో ఒకటి ఎంచుకుని, ఎందుకు ఎంచుకున్నారో రెండు వాక్యాలు రాసినా ఎవరూ తప్పుపట్టరు. రెండు అధ్యాయాల్లో రెండు లెక్కలు పెట్టి ఊరుకుంటే మాత్రం పడతారు.

ఒక చిన్న సంగతి. మీయోఫౌనా సాంద్రతను 10 చదరపు సెంటీమీటర్లకు, పెద్ద జీవుల సాంద్రతను చదరపు మీటరుకు చెప్పడం వాడుక. మీ మూడో అధ్యాయంలో ఒక పట్టిక అలా, ఒక పట్టిక ఇలా ఉంది. గైడ్ గారి అలవాటు మీ చేతికి వచ్చినట్టుంది.

ఇప్పుడు మీరు ‘పెద్ద విషయం కాదనుకుంటున్నాను’ అని రాసిన చోటికి వద్దాం. ఉత్తరం మొత్తంలో అసలైన ఉత్తరం ఆ మూడు వాక్యాలే. నిద్ర పట్టనివ్వనిది సెమినార్‌లో నవ్వు కాదేమోనని నా అనుమానం.

మొదటి రుతువులో పై జల్లెడ ఒక మిల్లీమీటరుది. అంటే 500కూ 1000కీ మధ్య నడుము ఉన్నవన్నీ ఆ రుతువు లెక్కలో చేరాయి, రెండో రుతువులో చేరలేదు. ఆ మధ్య నడుమున్నవి ఏవి? సన్నటి నెమటోడులు కావు, అవి ఈ రెండు పై జల్లెడల్లో దేన్నుంచైనా దిగిపోతాయి. కోపిపాడ్లూ చాలావరకు కావు. లావుపాటి ఆల్చిప్ప పిల్లలు, పాలికీటు పిల్లలు. మీ ఇద్దరు పెద్దలు కొట్లాడుకుంటున్న ఆ పిల్లలే! మొదటి రుతువులో అవి ఎక్కువగా ఉండటానికి ఆల్చిప్పల సంతానం ఎంత కారణమో, మీ చిరిగిన జల్లెడ ఎంత కారణమో ఇప్పుడున్న అంకెలతో ఎవరూ చెప్పలేరు. ఇది తెలియకుండా గైడ్, మేడమ్ ఎంతసేపు వాదించుకున్నా తేలదు.

లొరిసిఫెరా కథ విన్నారా? డెన్మార్క్ శాస్త్రవేత్త రైన్‌హార్ట్ క్రిస్టెన్సెన్ ఫ్రాన్సులోని రోస్కాఫ్ దగ్గర సముద్రపు ఇసుకను వెతుకుతూ ఉన్నారు. ఒకసారి సమయం చాలక, ఎప్పటిలా నిదానంగా కాకుండా నమూనాను మంచినీటితో కడిగేశారట. ఉప్పునీటి జీవులకు ఆ దెబ్బ తగలగానే, ఇసుక రేణువులను గట్టిగా కరచుకుని ఉన్నవి పట్టు వదిలి ఊడిపడ్డాయి. 1983లో లొరిసిఫెరా అనే ఒక కొత్త జంతు వర్గమే ప్రకటించారు. కడిగిన తీరు మారితే దొరికేది మారుతుంది. అందుకే పద్ధతుల భాగంలో జల్లెడ అంకె వంటింటి వివరం కాదు, ఫలితంలో భాగం.

ఇక్కడ కూడా దారులు ఉన్నాయి. ఏమీ అనకుండా ఉండటం ఒకటి. పత్రంలో 500, వ్యాసంలోనూ 500 అని రాసి సమర్పించవచ్చు. ఎవరికీ తెలియకపోవచ్చు కూడా. అయితే పత్రంలో పొరపాటున పడిన అంకెను వ్యాసంలో తెలిసి మళ్లీ రాస్తే అది పొరపాటు కాదు. ఈ తేడా మీకు తెలుసు, అందుకే తాజాకలంలో దాచారు. వ్యాసంలో నిజం రాసి పత్రాన్ని వదిలేయడం రెండోది. అప్పుడు మీ పేరు మీదే రెండు అంకెలు ఉంటాయి. వైవాలో ఎవరో ఒకరు రెండూ పక్కపక్కన పెడతారు, ఆ రోజు గైడ్ గారి ముఖం ఎలా ఉంటుందో ఊహించుకోండి. పత్రికకు సవరణ పంపడం మూడోది. సవరణ అంటే పత్రాన్ని ఉపసంహరించడం కాదు. ‘మొదటి రుతువులో పై జల్లెడ 1 మిల్లీమీటరు అని చదువుకోవాలి’ అని ఒక నోట్ వస్తుంది. రుతువుల పోలిక మీద దాని ప్రభావం ఎంతో కూడా చెప్పాలి. ముగింపు మారేంత ప్రభావం ఉంటే సంపాదకులు ఇంకా అడుగుతారు. కొన్నాళ్లు తలవంపుగా ఉంటుంది, నిజమే. దీన్ని మీరు ఒక్కరే పంపకూడదు. ముందు గైడ్‌కు చెప్పాలి, తరవాత మిగతా రచయితలకు. పత్రం తరఫున ఉత్తరప్రత్యుత్తరాలు చేసినవారి ద్వారానే పత్రికకు వెళ్లాలి.

గైడ్ గారికి ఎలా చెప్పాలన్నది మీ అసలు భయం కదా. కన్నీళ్లతో వెళ్లకండి, కాగితంతో వెళ్లండి. ఒకే పేజీ. పైన ఆ నమూనా లెక్క రెండు రకాలుగా, 608, 473. కింద ఏ రుతువులో ఏ జల్లెడ వాడారో. దాని కింద మీరు ఎంచుకున్న నిర్వచనం. ఇద్దరినీ ఒకే గదిలో కూర్చోబెట్టి ఒకే కాగితం ఇద్దరికీ ఇవ్వండి. ఒకరు లేనప్పుడు మరొకరికి చూపించవద్దు. మళ్లీ కబుర్లు మోసే పనిలో పడతారు. “ఎవరిది సరి సార్?” అని అడగవద్దు, ఆ ప్రశ్నకు ఎవరైనా “నాదే” అంటారు. “ఈ నిర్వచనంతో ముందుకు వెళ్లవచ్చా?” అని అడగండి. గైడ్ కోప్పడవచ్చు. కోప్పడితే జల్లెడ విషయం మీదే కోప్పడతారు, దానికి ఆయనకు హక్కు ఉంది. ఆ జల్లెడ చిరిగి ఉన్న సంగతి ఆ ప్రయోగశాలలో మీ ఒక్కరికే తెలుసా అన్నది వేరే ప్రశ్న. ఆ రోజు అది ఎత్తవద్దు.

ఆ గదిలోకి వెళ్లేముందు ఒక పని ఉంది. మొదటి రుతువులో ఏరిన జీవులను సీసాల్లో దాచారా? దాచి ఉంటే వాటిని మళ్లీ 500 జల్లెడ మీద కడగవచ్చు. ముందు సీసాలను గాలి లాగే పెట్టెలో (ఫ్యూమ్ హుడ్) పెట్టి ఫార్మలిన్‌ను వంచేయండి. పైన 500, కింద 63 పెట్టి, నీటిని సన్నటి ధారగా పోస్తూ కడగండి. పై జల్లెడ మీద నిలిచినవాటిని విడిగా లెక్కపెట్టి మొదటి రుతువు మొత్తంలోంచి తీసేయండి. పాత నమూనాల్లో కొన్ని విరిగి ఉంటాయి, తలలను మాత్రమే లెక్కపెట్టానని రాసుకోండి. నెమటోడులను ఇప్పటికే స్లైడ్ల మీదికి ఎక్కించి ఉంటే వాటిని కదపనక్కరలేదు, అవి ఎలాగూ దిగిపోయేవే. రెండు రుతువులూ అప్పుడు ఒకే హద్దు కిందికి వస్తాయి. పత్రికకు పంపే సవరణలో సరిచేసిన అంకెలే ఇవ్వగలుగుతారు. సీసాలు పారబోసి ఉంటే రెండు రుతువుల మొత్తాలను పోల్చడం మానేసి, నెమటోడులను, కోపిపాడ్లను విడివిడిగా పోల్చండి.

కాబట్టి రేపు పొద్దున్న ఎవరితోనూ మాట్లాడకముందు అలమర తెరిచి చూడండి. మూతలు బిగుతుగా ఉన్నాయా, ద్రవం ఆరిపోయిందా, చీటీల మీద తేదీ చదవడానికి వస్తోందా. ఆరిపోతున్నవాటిలో రెండు చుక్కలు గ్లిజరిన్ వేసి మూత పెట్టండి. ఎన్ని సీసాలు మిగిలాయో లెక్కపెట్టి, ఆ అంకెను కూడా ఆ ఒక్క పేజీ కాగితం మీద కింద రాయండి.